విశాఖ నుంచి అరకు ఒక్కరోజు టూర్: మోకాళ్ళ నొప్పులున్న అత్తగారిని తీసుకెళ్ళొచ్చా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతలో ఇదీ: పెళ్ళికని విశాఖ వస్తున్నారు, మధ్యలో ఒక్కరోజు ఖాళీ ఉంది, అరకు చూడాలని ఉంది. గైడ్ ఉండే టూర్‌లో వెళ్ళాలా, కారు మాట్లాడుకుని సొంతంగా వెళ్ళాలా? వెంట మోకాళ్ళ నొప్పులున్న మీ అత్తగారు, ఎనిమిదేళ్ళ బాబు ఉంటారు.

టూర్‌లోనే వెళ్ళండి. పైకి రైల్లో తీసుకెళ్ళి కిందికి బస్సులో దించే ప్యాకేజీ చూసుకోండి. మీ అత్తగారిని తప్పకుండా తీసుకెళ్ళండి. ఇంత గట్టిగా ఎందుకు చెబుతున్నానంటే, నేను రెండుసార్లు వెళ్ళాను. మొదటిసారి రోజంతా పాడైంది. రెండోసారి 66 ఏళ్ళ మా అమ్మతో వెళ్ళాను, ఆవిడకీ మోకాళ్ళ నొప్పులే. ఆ రోజు గురించి అమ్మ ఇప్పటికీ ఇంటికొచ్చిన వాళ్ళందరికీ చెబుతుంది.

మొదటిసారి సంగతి ముందు చెప్పేస్తాను, అదే పొరపాటు మీరు చేయకుండా. మా తమ్ముడి కుటుంబం, మేము కలిసి ఆరుగురం. ఒక ప్రైవేటు టూర్ వాళ్ళ వ్యాన్ మాట్లాడుకున్నాం. "గైడ్ ఉంటాడు" అన్నారు. తీరా చూస్తే డ్రైవరే గైడు. దారిలో ఒక మసాలా దినుసుల దుకాణం దగ్గర దాదాపు గంట ఆపాడు. ఇంకో చోట తేనె, చాక్లెట్లు అమ్మే కొట్టు దగ్గర మరో ముప్పావు గంట. బొర్రా గుహలకు చేరేసరికి సాయంత్రం నాలుగుంబావు. అయిదింటికి మూసేస్తారు, అరగంటలో వచ్చేయండి అని గేటు దగ్గర వదిలేసి వెళ్ళిపోయాడు. లోపలికి పరిగెత్తాం, ఫోటోలు తీసుకున్నాం, రొప్పుకుంటూ పైకొచ్చాం. ఏం చూశామో తెలియదు. మా మరదలు ఘాట్ రోడ్డు మలుపుల్లో వాంతులతో నీరసించిపోయి, గుహల్లోకి అసలు రాలేకపోయింది.

అందుకే డబ్బు కట్టేముందు ఒక్క ప్రశ్న అడగండి: "బొర్రాలో ఎంతసేపు ఆపుతారు?" గంటంబావుకి తక్కువ చెబితే వద్దనుకోండి. మిగతా ప్రశ్నలన్నీ దీని తర్వాతే.

రెండోసారి ప్రభుత్వ పర్యాటక సంస్థ వాళ్ళ రైలు కమ్ రోడ్డు ప్యాకేజీలో వెళ్ళాం. అరకు మీదుగా వెళ్ళే కిరండూల్ ప్యాసింజర్ రైలు పొద్దున ఏడు లోపే విశాఖలో బయల్దేరుతుంది, కాబట్టి పిల్లాణ్ణి అయిదింటికే లేపాలి. టిఫిన్, కాఫీ, భోజనం, గుహల టికెట్టు అన్నీ వాళ్ళవే అయ్యాయి మాకు. మీరు బుక్ చేసేటప్పుడు ఏవేవి కలిపారో విడివిడిగా అడగండి. అద్దాల పైకప్పు ఉండే విస్టాడోమ్ పెట్టె 2017 ఏప్రిల్‌లో ఈ మార్గంలోనే మొదలైంది. అందులో కావాలంటే టికెట్టు బాగా ముందే చూసుకోవాలి, పెళ్ళిళ్ళ రోజుల్లో చివరి నిమిషంలో దొరకదు. దొరక్కపోయినా బాధపడకండి. మామూలు పెట్టెలో కిటికీ తెరిచి పెట్టుకుంటే కొండగాలి నేరుగా ముఖానికి తగులుతుంది. అద్దాల్లో ఆ గాలి ఉండదు.

కొత్తవలస, శృంగవరపుకోట దాకా మామూలు ఊళ్ళూ పొలాలే. అమ్మ అక్కడిదాకా కునుకు తీసింది. బొడ్డవర దాటాక రైలు కొండెక్కడం మొదలుపెడుతుంది, అప్పుడు లేపాను. శివలింగపురం, టైడా, చిమిడిపల్లి... ఒక్కో స్టేషనుకీ చెవులు కొద్దికొద్దిగా దిబ్బళ్ళు పడుతుంటాయి. మేం కుడివైపు కిటికీల దగ్గర కూర్చున్నాం, లోయ ఎక్కువసేపు మా వైపే కనిపించింది. ఈ కొత్తవలస–కిరండూల్ లైనులో 58 సొరంగాలున్నాయని మా గైడ్ చెప్పాడు. మా అబ్బాయి వేళ్ళమీద లెక్కపెడుతూ కూర్చున్నాడు. సొరంగం వచ్చిన ప్రతిసారీ పెట్టెలో పిల్లలందరూ ఒక్కసారి కేకలు. మీ బాబుకి ఈ నాలుగు గంటలూ చాలు, ఫోన్ అడగడు.

గైడ్ అనంతగిరి దగ్గర ఊరి కుర్రాడు. మైకు పట్టుకుని అప్పజెప్పే రకం కాదు, సీటు సీటు దగ్గరికీ వచ్చి కూర్చుని మాట్లాడాడు. మధ్యలో ఒక స్టేషనులో బండి చాలాసేపు ఆగింది. అందరూ విసుక్కుంటుంటే, ఎదురుగా కిందికి దిగుతున్న గూడ్సు చూపించాడు. ఎర్రటి ఇనుప ఖనిజం నింపుకుని వస్తోంది. "అమ్మా, ఈ లైను మనకోసం వేసింది కాదు, దానికోసం వేసింది" అన్నాడు. ఛత్తీస్‌గఢ్‌లోని బైలదిల్లా గనుల ఖనిజాన్ని విశాఖ రేవుకి దించి జపాన్‌కి పంపడానికి 1960ల్లో వేసిన లైను ఇది. మనం చూసి మురిసిపోయే వంతెనలూ సొరంగాలూ అన్నీ దాని పుణ్యమే. ఆ మాట విన్నాక ఆ ఆలస్యం మీద ఎవరూ గొణగలేదు. కారులో వెళ్ళుంటే ఈ కబురు మాకెవరు చెబుతారు?

శిమిలిగూడ స్టేషనులో 996 మీటర్ల ఎత్తు అని రాసిన బోర్డు ఉంటుంది. బ్రాడ్‌గేజ్ స్టేషన్లలో అత్యంత ఎత్తయినదని ఒకప్పుడు దానికి పేరు. బండి అక్కడ ఎక్కువసేపు ఆగదు, ఫోటో కోసం దిగకండి.

పదకొండు దాటాక అరకులో దిగాం. అక్కడినుంచి బస్సు. పద్మాపురం ఉద్యానవనానికి తీసుకెళ్తారు. రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో సైనికులకు కూరగాయలు పండించడానికి మొదలుపెట్టిన తోట అది. బాగానే ఉంటుంది కానీ, అత్తగారి కాళ్ళు అక్కడ అరగదీయొద్దు. గేటు దగ్గర నీడలో కూర్చోబెట్టండి, లేదా లోపల తిరిగే చిన్న రైలు నడుస్తుంటే ఎక్కించండి. ఆ ఓపిక బొర్రాకి దాచుకోవాలి.

గిరిజన మ్యూజియం మాత్రం వదలొద్దు. బగత, వాల్మీకి, కొండదొర, కోటియా, పోర్జా, ఖోండు, ఇంకా ఎన్నో తెగలవాళ్ళు ఈ కొండల్లో ఉంటారు. వాళ్ళ వంటిళ్ళు, వేట సామాన్లు, పెళ్ళితంతు అన్నీ మట్టిబొమ్మలతో నిలువెత్తున కట్టి పెట్టారు. అమ్మ అక్కడ రాగులు విసిరే తిరగలి ముందు పదినిమిషాలు నిలబడిపోయింది. వాళ్ళమ్మ ఇంట్లో సరిగ్గా అలాంటిదే ఉండేదట. నాకు ఆ సంగతే తెలీదు. ఆ రోజు దాకా ఎప్పుడూ చెప్పలేదు.

భోజనం దగ్గర ఇక్కడి గిరిజనుల థింసా నాట్యం చూపించారు. ఆడవాళ్ళు ఒకరి వెనక ఒకరు చేతులు పెనవేసుకుని గొలుసులా వంగుతూ లేస్తూ తిరుగుతారు. మమ్మల్నీ రమ్మన్నారు, మా అబ్బాయి వెళ్ళాడు. ఇక్కడ ఒక మాట మనసారా చెబుతున్నాను. ఆ ఆడవాళ్ళు మన ముచ్చట కోసం రోజూ ఎండలో నిలబడుతున్నారు. అడక్కుండా ముఖాల మీద ఫోన్ పెట్టి ఫోటోలు తీయకండి. ఆట అయ్యాక మీకు తోచింది వాళ్ళ చేతికే ఇవ్వండి. మా బస్సులో కొందరు వీడియోలు తీసుకుని తల తిప్పుకుని భోజనానికి వెళ్ళిపోయారు, చూడలేకపోయాను.

బొంగు చికెన్ గురించి అందరూ అడుగుతారు. పచ్చి వెదురు బొంగులో మసాలా పట్టించిన కోడి ముక్కలు కూరి, మూతి ఆకులతో మూసి నిప్పుల మీద కాలుస్తారు. చుక్క నూనె పడదు. ప్యాకేజీ భోజనంలో మాకు రాలేదు, రోడ్డు పక్కన కొనుక్కున్నాం. కళ్ళముందు కాల్చి ఇచ్చేచోట తీసుకోండి. చేతిలో నగదు ఉంచుకోండి, కొండమీద సిగ్నల్ పోతే ఫోన్‌తో డబ్బు కట్టడం కుదరదు.

తిరుగు ప్రయాణంలో అనంతగిరి కాఫీ తోటల దగ్గర ఆపారు. పైన సిల్వర్ ఓక్ చెట్లు, వాటికి అల్లుకున్న మిరియాల తీగలు, ఆ నీడన కాఫీ మొక్కలు. ఒకే నేలలో మూడు అంతస్తుల పంట. గైడ్ వాళ్ళ ఇంట్లోనూ కొద్దిగా తోట ఉందట. ఇదివరకు కొండవాలు నరికి, కాల్చి పోడు చేసుకునేవాళ్ళని, పోడు తగ్గించడానికి ప్రభుత్వం కాఫీ మొక్కలిచ్చి ప్రోత్సహించిందని, ఇప్పుడు నీడ కోసమైనా చెట్టు నిలబడుతోందని చెప్పాడు. అరకు కాఫీకి 2019లో భౌగోళిక గుర్తింపు (జీఐ ట్యాగ్) కూడా వచ్చింది. కాఫీ పొడి, తేనె కొనాలనుకుంటే గిరిజన సహకార సంస్థ దుకాణంలో కొనండి, సరుకు మీద అనుమానం ఉండదు. మొదటిసారి వ్యాన్ వాడు ఆపిన కొట్లో ఎక్కువ డబ్బు పోసి కొన్న మిరియాలు ఇంటికొచ్చాక చూస్తే సగం తాలు. లోయ చూడ్డానికి గాలికొండ వ్యూపాయింట్ దగ్గర పది నిమిషాలు ఆపుతారు, శాలువా దగ్గర పెట్టుకోండి.

ఇక బొర్రా. మీ అత్తగారి గురించి మీ భయమంతా ఇక్కడే కదా. మెట్లు చాలా ఉన్నాయి, నిజమే. కొన్నిచోట్ల తడిగా ఉంటాయి. మా గైడ్ బస్సులోనే అమ్మతో చెప్పాడు: "అమ్మా, దిగడం తేలికే, ఎక్కడమే కష్టం. మొదటి పెద్ద హాలు దాకా రండి, అక్కడ కూర్చోండి. మిగతాది నేను మీకు అక్కణ్ణుంచే చూపిస్తాను." అన్నట్టే చేశాడు. రెయిలింగు పట్టుకుని, ఒక్కో మెట్టు మీద రెండు కాళ్ళూ ఆనించి దిగింది. లోపల ఒక బండ మీద కూర్చోబెట్టాం. తలెత్తి చూస్తే కప్పు అందనంత ఎత్తున ఉంది. పైన ఒక పెద్ద రంధ్రంలోంచి వెలుగు పడుతోంది. పూర్వం ఒక ఆవు ఆ రంధ్రంలోంచి లోపల పడిపోయిందని, వెతుక్కుంటూ వచ్చిన కాపరికి ఇక్కడ శివలింగం కనిపించిందని కథ. ఆవు పొదుగు నుంచి పుట్టిందని ఇక్కడి నదికి గోస్తని అని పేరట. ఆ గోస్తనే తాటిపూడి జలాశయంలో చేరి విశాఖ జనానికి తాగునీరవుతుంది, చివరికి భీమిలి దగ్గర సముద్రంలో కలుస్తుంది. "అయితే మీ తమ్ముడింట్లో మనం తాగింది ఈ నీళ్ళేనా" అంది అమ్మ.

శివలింగం దగ్గరికి వెళ్ళాలంటే మళ్ళీ నిటారు మెట్లు ఎక్కాలి. అమ్మ కిందనుంచే దణ్ణం పెట్టుకుంది. మీ అత్తగారు పట్టుబట్టినా అక్కడికి మాత్రం ఎక్కించకండి. బాబుకి ఒక సంగతి ముందే చెప్పండి: పైనుంచి వేలాడే రాళ్ళూ, కిందనుంచి లేచిన రాళ్ళూ చుక్క చుక్క నీటిలోని సున్నం పేరుకుని వేల ఏళ్ళుగా పెరిగినవి. చేతి జిడ్డు అంటితే అక్కడ పెరుగుదల ఆగిపోతుంది. కాబట్టి ముట్టుకోకూడదు. మా వాడు ఇది విన్నాక వేరే పిల్లల్ని కూడా ఆపాడు. లోపల గబ్బిలాల వాసన ఉంటుంది, ఉక్క కూడా ఉంటుంది, భయపడకండి. బయట కోతులు ఎక్కువ, చేతిలో చిప్స్ పొట్లం కనబడనివ్వొద్దు.

పైకి ఎక్కడానికి అమ్మకి ఇరవై అయిదు నిమిషాలు పట్టింది. గైడ్ పక్కనే నడిచాడు, ఒక్కసారి కూడా తొందరపెట్టలేదు. బస్సులో అందరూ ఎదురుచూస్తున్నారేమోనని అమ్మ కంగారుపడితే, "బస్సు మీ కోసమే ఉంది" అన్నాడు. డబ్బు పెట్టాల్సింది ఇలాంటి మనిషి ఉండే టూర్‌కి. బుక్ చేసేటప్పుడే "పెద్దావిడ ఉన్నారు, గైడ్ బస్సులోనే ఉంటారా, గుహలోకి కూడా వస్తారా" అని అడగండి.

దిగేటప్పుడు ఘాట్‌లో మలుపులు గట్టిగానే ఉంటాయి. వాంతుల భయం ఉంటే బస్సెక్కడానికి అరగంట ముందు మాత్ర వేసుకోవాలి, మలుపులు మొదలయ్యాక వేసుకుంటే అంతగా పనిచేయదు. ముందు వరుస సీట్లు అడిగి తీసుకోండి. రాత్రి ఎనిమిదిన్నర దాటాక విశాఖ చేరాం. మర్నాడు పొద్దున్నే ముహూర్తం ఉంటే ఈ ప్రయాణం పెట్టుకోవద్దు. అత్తగారికి ఒక రోజు విశ్రాంతి ఉండాలి.

పెళ్ళి ఏ నెలలోనో మీరు రాయలేదు. నవంబరు, డిసెంబరు అయితే లోయంతా వలిసె పూలతో పసుపుపచ్చగా ఉంటుంది, స్వెట్టర్లు తప్పవు. ఏప్రిల్ అయితే కాఫీ పూత దొరకొచ్చు, వాన పడ్డ కొద్దిరోజులకి తోటంతా మల్లెల్లాంటి వాసన. ఆగస్టు, సెప్టెంబరు అయితే జలపాతాలు బాగుంటాయి గానీ, కొండరాళ్ళు పట్టాల మీద జారిపడి రైలు ఆగిపోయిన రోజులుంటాయి. అప్పుడు ముందురోజు సాయంత్రం టూర్ వాళ్ళకి ఒకసారి ఫోన్ చేసి కనుక్కోండి. నెల చెబితే ఏం సర్దుకోవాలో రాస్తాను.