అమ్మాయి చేత కోర్టులో ఏం చెప్పించాలి?

ప్రశ్న: మా అమ్మాయికి 23 ఏళ్లు. ఆఫీసులో పరిచయమైన అబ్బాయిని పెళ్లి చేసుకుంటానంది. కులం వేరని మేం ఒప్పుకోలేదు. ఫోన్ తీసుకుని, ఉద్యోగం మాన్పించి, మూడు వారాలుగా అమ్మమ్మ ఇంట్లో ఉంచాం. ఆ అబ్బాయి హైకోర్టులో హెబియస్ కార్పస్ పిటిషన్ (బంధించిన మనిషిని కోర్టు ముందుకు తెప్పించమని కోరేది) వేశాడు. అమ్మాయిని హాజరుపరచమని ఆర్డరు వచ్చింది. ‘నా ఇష్టంతోనే ఉన్నాను’ అని దానిచేత చెప్పించమంటున్నారు మావారు. ఎలా ఒప్పించాలి?

జవాబు: ఏమీ చెప్పించకండమ్మా. చెప్పించినా అది నిలవదు. జడ్జీలు మీ ఎదుట అడగరు. ఆమెను విడిగా కూర్చోబెట్టుకుని మాట్లాడతారు. ఇలాంటి కేసుల్లో ఎలా నడుచుకోవాలో 2024 మార్చిలో సుప్రీంకోర్టు హైకోర్టులకు స్పష్టంగా చెప్పింది. నిర్బంధంలో ఉన్న మనిషి ఏ ఒత్తిడీ లేకుండా మాట్లాడేలా చూడాలి, కౌన్సెలింగ్ పేరుతో ఆమె మనసు మార్చే ప్రయత్నం చేయకూడదు, పిటిషన్ వేసిన వ్యక్తితో సంబంధం ఎలాంటిదని ఆరా తీస్తూ పోకూడదు.

అంటే అబ్బాయి జీతమెంత, కులమేమిటి, మీ పరువేమైంది అన్నవి ఆ రోజు లెక్కలోకి రావు. మేజరైన మనిషి ఎక్కడ, ఎవరితో ఉండాలనుకుంటోంది అన్నదొక్కటే ప్రశ్న. కేరళలో ఇష్టపడినవాణ్ని పెళ్లి చేసుకున్న హాదియా అనే యువతి కేసులో 2017లో హైకోర్టు పెళ్లిని రద్దు చేసి ఆమెను తల్లిదండ్రులకు అప్పగించింది. 2018లో సుప్రీంకోర్టు ఆ తీర్పును కొట్టేసింది.

మీవారికి తెలియాల్సింది ఇంకోటుంది. హెబియస్ కార్పస్ అనేది శిక్ష వేసే కేసు కాదు. కానీ అక్రమ నిర్బంధం నేరమే, కన్నవాళ్లకు మినహాయింపు లేదు. పది రోజులు, అంతకు మించి బంధిస్తే భారతీయ న్యాయ సంహిత 127వ సెక్షన్ కింద అయిదేళ్ల దాకా జైలుశిక్ష పడొచ్చు. మీది మూడు వారాలు దాటింది. అమ్మమ్మ ఇల్లు కదా అంటారేమో, తలుపు గడియ ఎవరి చేతిలో ఉందన్నదే చూస్తారు.

మీ భయం నాకు అర్థమవుతోంది. పిల్ల వెళ్లిపోతే బంధువుల మాటలు పడేది ఎక్కువగా తల్లే. అయినా ఒకటి ఆలోచించండి. ఆమె భయపడి మీకు కావాల్సిన మాటే చెప్పిందనుకుందాం, పిటిషన్ మూసేస్తారు, అందరూ ఇంటికొస్తారు. ఆ తర్వాత మళ్లీ తాళం వేస్తారా? ఎన్నాళ్లు?

వాయిదా దాకా ఆగక్కర్లేదు. ఈరోజే ఫోన్ ఇచ్చేయండి, సర్టిఫికెట్లు, ఆధార్, బ్యాంకు కార్డు కూడా. కావాలంటే ఆమె విడిగా లాయరును పెట్టుకోవచ్చు. ఆడవాళ్లకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం ఉంది, 15100కి ఫోన్ చేస్తే చాలు. ఇప్పుడు వదిలేశాం కదా అని కోర్టుకు వెళ్లడం మానకండి. ఆర్డరు వచ్చాక హాజరు కావాల్సిందే. అబ్బాయి మీద మీకున్న అభ్యంతరాలు ఆమెకు నేరుగా చెప్పండి, విని కాదనే వీలు ఆమెకు ఉంచి. మీవారు మీ మాట వినకపోతే ఆ 127వ సెక్షన్ మీ లాయరు చేత చదివించండి.