రిటైరైన మాస్టారికి పోలీస్ వెరిఫికేషన్ ఏమిటండీ?

అమ్మా, మీ ఉత్తరం సారాంశం ఇదీ: మీ నాన్నగారు ఏపీలో జిల్లా పరిషత్ హైస్కూల్లో లెక్కల స్కూల్ అసిస్టెంట్‌గా చేసి 62 ఏళ్లకు రిటైరయ్యారు, దగ్గర్లోని సీబీఎస్ఈ స్కూలు వాళ్లు రమ్మన్నారు, కానీ చేరేముందు పోలీస్ వెరిఫికేషన్ తెమ్మనేసరికి "36 ఏళ్లు సర్వీసు చేసినవాణ్ని దొంగలా చూస్తారా" అని అలిగి కూర్చున్నారు. పైగా ఎప్పుడో పొలం గట్టు తగాదాలో ఆయన మీద ఒక కేసు ఉండేది, అది లోక్ అదాలత్‌లో రాజీ అయింది. ఇక పెన్షన్ ఆగిపోతుందేమోనని అమ్మగారి టెన్షన్.

ముందు పెన్షన్ సంగతి, అది చిన్నదే. ప్రైవేటు స్కూలు జీతానికీ ప్రభుత్వ పెన్షన్‌కూ సంబంధం లేదు, ఆగదు, తగ్గదు. ప్రభుత్వంలోనే మళ్లీ చేరితే లెక్క వేరు, ఇది అది కాదు. కాకపోతే పన్ను దగ్గర పెన్షనూ జీతమూ కలుపుతారు. కొత్త పన్ను పద్ధతిలో 75,000 స్టాండర్డ్ డిడక్షన్ (పన్ను లెక్కకు ముందు ఆదాయంలోంచి తీసేసే మొత్తం) రెండింటికీ కలిపి ఒక్కసారే వస్తుంది. చాలామంది పెన్షనిచ్చేవాళ్ల దగ్గరా స్కూలు దగ్గరా విడివిడిగా తీసుకుని రిటర్ను వేసేటప్పుడు తల పట్టుకుంటారు.

ఇక అలక సంగతి. 2017 సెప్టెంబరులో గురుగ్రామ్‌లో ఒక స్కూల్లో ఏడేళ్ల బాబు హత్య జరిగాక, సిబ్బంది అందరికీ పోలీస్ వెరిఫికేషన్ చేయించాలని సీబీఎస్ఈ ఆదేశించింది. తర్వాత పిల్లలను లైంగిక నేరాల నుంచి కాపాడే పోక్సో చట్టం కింద వచ్చిన 2020 నిబంధనలు అదే మాటను ఇంకా గట్టిగా చెప్పాయి: టీచరైనా ఆయా అయినా, పర్మనెంటైనా కాంట్రాక్టైనా, పిల్లల దగ్గర పనిచేసే ప్రతివారికీ చేయించాలి, అదీ ఒక్కసారి కాదు, అప్పుడప్పుడూ. అంటే అడిగింది మీ నాన్నగారిని అనుమానించి కాదు, అడగకపోతే స్కూలుదే తప్పు. నిజానికి అడగని స్కూలైతే నేను మిమ్మల్నే ఒకసారి ఆలోచించుకోమనేవాణ్ని.

ఆ పాత కేసు మాత్రం దాచవద్దు. ఫారంలో "మీ మీద ఎప్పుడైనా కేసు నమోదైందా" అని ఉంటే "అవును, రాజీ అయింది" అని రాసి, లోక్ అదాలత్ ఉత్తర్వు కాపీ జతచేయండి. రాజీకి వీలున్న నేరం చట్టప్రకారం రాజీ అయితే నిర్దోషిగా విడుదలైనట్టే లెక్క. గట్టు తగాదా చూసి ఏ స్కూలూ భయపడదు, "లేదు" అని రాశాక పోలీసు రికార్డులో బయటపడితే మాత్రం భయపడుతుంది. ఉత్తర్వు కాపీ ఇంట్లో లేకపోతే ముందు దాని కోసం తిరగండి, మిగతావన్నీ దాని తర్వాతే.

నిరుడు నా దగ్గరికి ఒక రిటైర్డ్ హెడ్మాస్టరుగారు వచ్చారు, పాస్‌పోర్టు ఆఫీసుకు 500 కట్టి పీసీసీ (పోలీస్ క్లియరెన్స్ సర్టిఫికెట్) తెచ్చుకున్నారు, పాపం. అది విదేశాలకు వెళ్లేవాళ్ల కోసం ఇచ్చేది, ఇక్కడి ఉద్యోగానికి స్థానిక పోలీసుల దగ్గరే దరఖాస్తు చేయాలి. ఆయనకు ఇంకో తిప్పలు కూడా: సర్వీసు రిజిస్టరులో ఇంటిపేరు పొడి అక్షరం, ఆధార్‌లో పూర్తిగా, డిగ్రీ సర్టిఫికెట్లో అసలు లేనే లేదు. మీరు ఆ మూడూ పక్కపక్కన పెట్టి చూసుకోండి. ఇక ఇంటికి విచారణకు వచ్చే కానిస్టేబుల్ మీ నాన్నగారి దగ్గర ఎక్కాలు అప్పజెప్పినవాడే అయినా ఆశ్చర్యం లేదు, మన జిల్లా పరిషత్ స్కూళ్లు అలాంటివి.

ఏ తరగతులు ఇస్తారో ఇప్పుడే అడగండి. 8 లోపు అయితే కొత్త నియామకానికి టెట్ (ఉపాధ్యాయ అర్హత పరీక్ష) పాసై ఉండాలి, 9, 10 అయితే ఆ గొడవ లేదు, లెక్కల మాస్టారికి ఎటూ అవే బాగుంటాయి. పీఎఫ్ కట్ చేస్తామంటే ఒప్పుకోవచ్చు, కానీ 58 దాటాక చేరినవాళ్లకు ఈపీఎఫ్ పెన్షన్ పథకం వర్తించదు, కాబట్టి యాజమాన్యం వాటా కూడా మొత్తం పీఎఫ్ ఖాతాలోకే వెళ్లాలి, స్లిప్పులో చూసుకోండి.

ఒరిజినల్ సర్టిఫికెట్లు మాత్రం "మా దగ్గరే ఉంచండి" అంటే ఇవ్వకండి. చూపించి వెనక్కి తెచ్చుకోండి, జిరాక్స్ మీద సంతకం పెట్టి ఇవ్వండి, ఆ సంతకం కింద తేదీతో పాటు ఏ స్కూలు కోసమో కూడా రాయమనండి.