అన్నీ ఒక్కరే చెయ్యొచ్చా?

ప్రశ్న: సార్, నేను అసిస్టెంట్ డైరెక్టర్‌ని. కథలు రాస్తా, కెమెరా చేస్తా, ఎడిటింగూ వచ్చు. అన్నిట్లో వేలు పెడితే ఎందులోనూ పైకి రావు, ఏదో ఒకటి పట్టుకో అంటున్నారు ఫ్రెండ్స్. నిజమేనా?
– ఓ పాఠకుడు, కృష్ణానగర్, హైదరాబాద్

జవాబు: ఆన్యెస్ వర్దా పేరు విన్నారా? ఫ్రెంచ్ డైరెక్టర్, పుట్టింది మాత్రం బెల్జియంలోని బ్రస్సెల్స్‌లో, 1928లో. పారిస్‌లో ఓ పెద్ద నాటక సంస్థకి ఫొటోలు తీసేది, ఎవరి దగ్గరా అసిస్టెంట్‌గా చెయ్యలేదు, అసలు అప్పటికి చూసిన సినిమాలే తక్కువ, అలాంటావిడ 1954లో సొంత కంపెనీ పెట్టేసి సెత్ అనే ఊళ్లో జాలర్ల పేటకెళ్లి మొదటి సినిమా 'లా పువాంత్ కుర్త్' తీసేసింది. నటులకీ టెక్నీషియన్లకీ ముందు జీతాల్లేవు, డబ్బులొస్తే వాటాలిస్తా అంది (మన దగ్గర ఈ మాటంటే ఫోన్ ఎత్తరు లెండి). కథ, డైరెక్షన్, ప్రొడక్షన్ అన్నీ ఆవిడే. ఎడిటింగ్ మాత్రం అలెన్ రెనే చేతిలో పెట్టింది. ఆయనా తర్వాత పెద్ద డైరెక్టరే అయ్యాడు.

నాకు బాగా నచ్చేది 1975 నాటి డాక్యుమెంటరీ ముచ్చట. ఇంట్లో చంటి పిల్లాడు, వదిలి వెళ్లలేదు, అందుకని ఇంట్లోంచే కరెంటు వైరు లాగి, అది ఎంతదూరం అందితే అంతవరకే తన వీధిలో షాపులవాళ్లని షూట్ చేసింది, బేకరీ, మాంసం కొట్టు, టైలరు, అంతే. 2000లో అయితే 70 దాటిన వయసులో చిన్న డిజిటల్ కెమెరా చేత్తో పట్టుకుని, కోతలయ్యాక పొలాల్లో పరిగె ఏరుకునేవాళ్ల వెంట తిరిగింది, వాయిస్ కూడా తనదే. మధ్యలో 1985లో వెనిస్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో పెద్ద అవార్డు గోల్డెన్ లయన్, చివర్లో 89 ఏళ్లకి ఆస్కార్ నామినేషన్. 2019లో పోయింది.

ఆవిడ అన్నీ చేసింది గొప్ప కోసమేం కాదు, సొంత కంపెనీ ఉంటే సినిమా ఆపే మగాడు ఉండడు, అదీ అసలు సంగతి. తనకంటే బాగా చేసేవాడు దొరికినప్పుడు ఇచ్చేసింది కూడా. కాబట్టి అన్నీ నేర్చుకోండి, తప్పులేదు, కానీ తర్వాతి షార్ట్ ఫిలిం ఎడిటింగ్ ఒక్కటీ వేరేవాళ్లకిచ్చి చూడండి, మీరు ప్రాణంగా తీసుకున్న షాట్లు వాళ్లు నిమిషంలో లేపేస్తారు.