గుల్‌మార్గ్‌లో స్కీ పాఠం, గుంటూరులో ఫిర్యాదు

ప్రశ్న: మాది గుంటూరు. గత జనవరిలో సంక్రాంతి సెలవులకు కుటుంబంతో కాశ్మీరులోని గుల్‌మార్గ్ వెళ్లాం. విజయవాడలోని ఒక ట్రావెల్ ఏజెన్సీ దగ్గర ప్యాకేజీ తీసుకున్నాం. పిల్లలిద్దరికీ మూడు రోజులు, రోజుకు నాలుగు గంటలు ప్రైవేటుగా స్కీయింగ్ నేర్పిస్తామంటే అందుకు విడిగా 36,000 రూపాయలు కట్టాం. తీరా వెళ్లాక మొదటి రోజే మా పిల్లలను మరో ఆరుగురితో కలిపేశారు. రెండో రోజు శిక్షకుడు గంటసేపు ఉండి, ఒక కుర్రవాడికి అప్పగించి వెళ్లిపోయాడు. ఆ కుర్రవాడి దగ్గర ఉండగానే మా అమ్మాయి (14 ఏళ్లు) వాలులో పడి కాలి ఎముక విరిగింది. పడినప్పుడు బూటు స్కీ (మంచు మీద జారడానికి కాలికి బిగించే పొడవైన పలక) నుంచి ఊడలేదు. మూడో రోజు గాలి ఎక్కువగా ఉందని పాఠమే పెట్టలేదు. ఏజెన్సీని అడిగితే, తాము మధ్యవర్తులమేననీ, ప్రమాదానికి మాదే బాధ్యతని మేం సంతకం పెట్టామనీ, ఏదైనా ఉంటే ఢిల్లీ కోర్టులో తేల్చుకోమనీ అంటున్నారు. ఆరోగ్య బీమా కంపెనీ ‘సాహస క్రీడ’ అని క్లెయిము తిరస్కరించింది. మాకు దారి ఉందా? అమ్మాయి మళ్లీ వెళ్తానంటోంది. అప్పుడు అలాంటి ఫారం మీద సంతకం పెట్టవచ్చా?

జవాబు: మీరు పంపిన రసీదును, సంతకం చేసిన ఫారం నకలును, ఫోటోలను జాగ్రత్తగా చూశాను. అమ్మాయి కట్టు విప్పి నడక మొదలుపెట్టిందని రాశారు, అది చదివాక మనసు కుదుటపడింది. మీకు జరిగిన నష్టాలు రెండు. డబ్బు తీసుకుని ఒప్పుకున్న పాఠం చెప్పకపోవడం ఒకటి, అమ్మాయి కాలు విరగడం ఇంకొకటి. మొదటిదాని రుజువుకు మీ దగ్గరున్న కాగితాలు దాదాపు సరిపోతాయి. రెండోదానికి ఇంకా కూడగట్టవలసినవి ఉన్నాయి. రెండింటినీ కలగలిపి ఆవేశంగా రాస్తే బలమైన వాదన కూడా పలచబడుతుంది గనుక విడివిడిగా చెబుతాను.

ఏజెన్సీ లెటర్‌హెడ్ మీద, జీఎస్‌టీ నంబరుతో ఇచ్చిన ఆ రసీదులో ‘స్కీ ప్రైవేట్ లెసన్, 2 పర్సన్స్, 3 డేస్, రోజుకు 4 గంటలు’ అని ఉంది. శిక్షకుడి పేరు గానీ, స్కీ స్కూలు పేరు గానీ అందులో ఎక్కడా లేదు. మీ కేసుకు ఇది చాలా మేలు చేసే విషయం. భారత కాంట్రాక్టు చట్టం, 1872లోని 230వ సెక్షన్ ప్రకారం మామూలుగా ఏజెంటు తన యజమాని తరఫున చేసిన ఒప్పందానికి స్వయంగా బాధ్యుడు కాడు. అయితే యజమాని పేరు బయటపెట్టకుండా ఒప్పందం చేసుకున్నప్పుడు ఏజెంటే బాధ్యుడని చట్టం భావిస్తుంది. పేరు చెప్పకుండా డబ్బు పుచ్చుకుని, గొడవ వచ్చాక ‘మేం మధ్యవర్తులం’ అనడం ఇక్కడ చెల్లకూడదు. అయినా ఫిర్యాదులో ఏజెన్సీని మొదటి ఎదుటి పక్షంగా, శిక్షకుడిని రెండో ఎదుటి పక్షంగా చేర్చండి. అతను లేకుండా కేసు నడిపితే తప్పంతా లేనివాడి మీదికి నెట్టేస్తారు.

‘ప్రైవేటు’ అన్న మాటను ఏజెన్సీ వారు చిన్నదిగా చేసి మాట్లాడుతున్నారని రాశారు. స్కీయింగ్ నేర్పే చోట ఆ మాటకు అర్థం స్పష్టంగా ఉంది. ఒక శిక్షకుడు ఆ సమయమంతా ఒక్కరికో, ఒకే కుటుంబానికో కేటాయించడం ప్రైవేటు పాఠం. తెలియని వారిని కూడా చేర్చి చెప్పేది గ్రూపు పాఠం, దాని ధర తక్కువ. తేడా ధరతో పోయేది కాదని మీ అమ్మాయికి జరిగినదే చెబుతోంది. కొత్తగా నేర్చుకునేవారికి మొదట నేర్పేది ఆగడం. రెండు స్కీల ముందు కొసలను దగ్గరగా, వెనక కొసలను దూరంగా ఉంచి, లోపలి అంచులను మంచుకు నొక్కి వేగం తగ్గించడం వచ్చేదాకా పిల్లలను వాలు ఎక్కించకూడదు. ఎనిమిది మందిని చూసే మనిషికి ఏడుగురు ఎప్పుడూ చూపుకు బయటే ఉంటారు. మీరు డబ్బు కట్టింది ఆ చూపు కోసం. వినియోగదారుల రక్షణ చట్టం, 2019లోని 2(11) సెక్షన్ ప్రకారం ఒప్పుకున్న సేవ నాణ్యతలో గానీ, తీరులో గానీ తక్కువ చేస్తే అది సేవాలోపం. నిర్లక్ష్యం వల్ల వినియోగదారుడికి నష్టమో గాయమో కలిగితే అదీ అందులోకే వస్తుంది.

మూడో రోజు గాలి వల్ల పాఠం లేకపోవడం ఎవరి తప్పూ కాదు. అందుకు నష్టపరిహారం అడగకండి. కానీ తప్పు లేనంత మాత్రాన ఆ రోజు డబ్బు వారి దగ్గర ఉండిపోనక్కరలేదు. నెరవేర్చడం అసాధ్యమై ఒప్పందం చెల్లకుండా పోయినప్పుడు పుచ్చుకున్న ప్రయోజనాన్ని తిరిగి ఇవ్వాలని కాంట్రాక్టు చట్టంలోని 56, 65 సెక్షన్లు కలిపి చదివితే తేలుతుంది. 2025 ఫిబ్రవరిలో చాలినంత మంచు లేక గుల్‌మార్గ్‌లో జరగవలసిన ఖేలో ఇండియా శీతాకాల క్రీడలే మార్చికి వాయిదా పడ్డాయి. అలాంటి చోట పాఠాలు అమ్మేవారు, పాఠం జరగకపోతే డబ్బు సంగతేమిటో ముందే రాసి ఇవ్వాలి. మీ రసీదులో ఆ షరతు లేదు. కాబట్టి 36,000 మొత్తాన్నీ అడగండి. మొదటి రెండు రోజులు ఎంతో కొంత నేర్పారని, ఫిర్యాదు వినే వినియోగదారుల కమిషన్ కొంత తగ్గించవచ్చు. హోటలు, విమానం డబ్బు మాత్రం కలపవద్దు, ఆ సేవలు మీరు పొందారు.

ఇక ఫారం సంగతి. ‘జరిగే ప్రతి ప్రమాదానికీ నాదే పూర్తి బాధ్యత’ అన్న వాక్యం కింద మీ సంతకం ఉంది. చాలామంది ఇక్కడే ధైర్యం వదులుకుంటారు, మీరు వదులుకోవద్దు. మంచు మీద జారడంలో పడడం సహజం, చలి సహజం, చిన్న దెబ్బలు సహజం. ఆ సహజమైన ప్రమాదాలకు మీరు ఒప్పుకున్నారు. శిక్షకుడు తన పని వదిలి వెళ్లిపోవడానికీ, అనుభవం లేని కుర్రవాడి చేతిలో పిల్లలను పెట్టడానికీ మీరు ఒప్పుకోలేదు. అలాంటి నిర్లక్ష్యానికి ముందుగానే సమ్మతించినట్లు ఒక వాక్యంతో తేల్చడం కుదరదు. ఆ షరతునే అన్యాయమైన ఒప్పందమని సవాలు చేయాలంటే జిల్లా కమిషన్‌కు ఆ అధికారం లేదు, రాష్ట్ర కమిషన్‌కు వెళ్లాలి. మీకు అంత దూరం అవసరం లేదని నా అభిప్రాయం. ఆ షరతు ఈ నిర్లక్ష్యానికి వర్తించదని జిల్లా కమిషన్ ముందు వాదిస్తే చాలు.

కాలు విరిగిన సంగతిని నేను ఎక్కువ జాగ్రత్తగా చెప్పాలి. ఆటలో దెబ్బ తగిలినంత మాత్రాన సేవాలోపం రుజువు కాదు. ఏ తప్పు వల్ల తగిలిందో చూపాలి. బూటును స్కీకి పట్టి ఉంచే బైండింగ్ అనే పరికరం, పడినప్పుడు బలం ఒక హద్దు దాటితే బూటును వదిలేయాలి. ఆ హద్దును మనిషి బరువు, ఎత్తు, వయసు, బూటు అడుగు పొడవు, నైపుణ్యం చూసి బిగిస్తారు. ఎక్కువ బిగిస్తే పట్టు వదలదు, పొడవైన స్కీ మెలిపెట్టిన బలమంతా మోకాలికో, కాలి ఎముకకో చేరుతుంది. మీ పిల్లలకు స్కీలు ఇచ్చేటప్పుడు చెప్పుల సైజు తప్ప బరువు ఎవరూ అడగలేదని రాశారు. ఆ వాక్యాన్ని అఫిడవిట్‌లో తప్పకుండా రాయండి. మొదటి రోజు అమ్మాయి ఒక కాలు ఎత్తి నవ్వుతూ నిలబడిన ఫోటో ఉంది కదా, దాన్ని పెద్దది చేసి చూస్తే బైండింగ్ మీద చిన్న కిటికీలో అంకె కనబడుతోంది. బిగింపు ఎంతో చెప్పే అంకె అదే. రెండో రోజు కూడా అవే స్కీలు ఇచ్చి ఉంటే మీ కేసులో ఇంతకన్నా విలువైన కాగితం లేదు. ఆ ఫోటో అసలు ఫైలును తీసిన ఫోన్‌లోనే ఉంచండి, వాట్సాప్‌లో పంపిన నకలు మీద ఆధారపడవద్దు. సరిగ్గా బిగించిన బైండింగ్ కూడా నెమ్మదిగా పడినప్పుడు ఒక్కోసారి వదలదు. ఎదుటి వారు తప్పక ఆ మాట అంటారు గనుక స్కీయింగ్ తెలిసిన నిపుణుడి అభిప్రాయం రాతపూర్వకంగా తీసుకోండి. గుల్‌మార్గ్‌లో కేంద్ర పర్యాటక శాఖ కింద భారతీయ స్కీయింగ్, పర్వతారోహణ సంస్థ ఉంది, అక్కడ శిక్షణ పొందిన వారెవరైనా మీకు తోడ్పడగలరు. మీ శిక్షకుడు జమ్మూ కాశ్మీర్ పర్యాటక శాఖ వద్ద నమోదై ఉన్నాడా అన్నది సమాచార హక్కు చట్టం కింద ఆ శాఖనే అడగవచ్చు.

ఎక్కడ దాఖలు చేయాలన్న దానికి జవాబు సులువు. వినియోగదారుల రక్షణ చట్టంలోని 34వ సెక్షన్ ప్రకారం ఫిర్యాది నివాసం ఉన్న చోటి జిల్లా కమిషన్‌లోనే వేయవచ్చు, అంటే గుంటూరులోనే. ప్యాకేజీ విజయవాడలో కొన్నారు, డబ్బు అక్కడే కట్టారు, రసీదు మీద కార్యాలయం కూడా అక్కడే ఉంది. ఈ వ్యవహారంతో ఢిల్లీకి సంబంధం లేదు. చట్టం ఇవ్వని పరిధిని పార్టీలు తమ ఒప్పందంతో ఒక కోర్టుకు ఇవ్వలేవని సుప్రీంకోర్టు 1971లోనే హకం సింగ్ కేసులో చెప్పింది. కాశ్మీరులో జరిగింది గనుక మన చట్టం వర్తించదేమోనని ఎవరైనా భయపెడితే నమ్మవద్దు, 2019 అక్టోబరు 31న జరిగిన పునర్వ్యవస్థీకరణ తరువాత ఈ కేంద్ర చట్టం అక్కడా అమలులో ఉంది. చెల్లించిన సొమ్ము 50 లక్షల లోపైతే జిల్లా కమిషన్ పరిధి, 5 లక్షల లోపైతే ఫీజు లేదు. ఘటన జరిగిన నాటి నుంచి రెండేళ్లలో వేయాలి. అమ్మాయి మైనరు గనుక ఆమె తరఫున తండ్రిగా మీరే ఫిర్యాది. వకీలు లేకుండా స్వయంగా కూడా హాజరు కావచ్చు. ముందుగా ఏజెన్సీకి స్పీడ్ పోస్టులో నోటీసు పంపి పదిహేను రోజులు గడువివ్వడం మంచిది, చట్టం దాన్ని తప్పనిసరి చేయకపోయినా మీరు సామరస్యంగా ప్రయత్నించారని అది చూపుతుంది.

వాట్సాప్ సంభాషణలను ముద్రించి ఇచ్చేటప్పుడు భారతీయ సాక్ష్య అధినియమం, 2023లోని 63వ సెక్షన్ కింద ఎలక్ట్రానిక్ రికార్డులకు కావలసిన ధ్రువపత్రం జతచేయండి. ఆ ఆరుగురిలో ఒక కుటుంబం హైదరాబాదు వారని, ఫోన్ నంబరు ఉందని రాశారు. వారి అఫిడవిట్ ఒక్కటి తెప్పించగలిగితే ‘మేం ప్రైవేటుగానే చెప్పాం’ అన్న మాటకు ఆస్కారం ఉండదు. శ్రీనగర్ ఆస్పత్రి డిశ్చార్జి సమ్మరీలో ‘స్కీయింగ్ చేస్తూ పడడం’ అని ఉంది, దాని అసలు కాగితాన్నీ, ఎక్స్‌రే ఫిల్ములనూ భద్రపరచండి. పరిహారం అడిగేటప్పుడు చికిత్స బిల్లులు, గుంటూరులో ఫిజియోథెరపీ ఖర్చు, అమ్మాయి పడిన బాధ లెక్కగా చూపండి. పాతిక లక్షలు అడగమని ఎవరో చెప్పారన్నారు. ఆధారం లేని అంకె వేస్తే ఉన్న బిల్లుల మీద కూడా అనుమానం వస్తుంది.

బీమా విషయంలో మీ పాలసీ ప్రతిని తెరిచి మినహాయింపుల్లో ‘ఎక్స్‌క్లూజన్ 09’ కోడ్ చూడండి. బీమా నియంత్రణ సంస్థ ఐఆర్‌డీఏఐ ఆరోగ్య బీమాకు నిర్దేశించిన ప్రామాణిక మాటల ప్రకారం సాహస క్రీడల్లో ‘ప్రొఫెషనల్‌గా’ పాల్గొన్నప్పుడు అయ్యే చికిత్సకే ఆ మినహాయింపు. సెలవుల్లో మొదటిసారి స్కీలు తొడిగిన పద్నాలుగేళ్ల పిల్ల ప్రొఫెషనల్ ఎలా అవుతుంది? మీ పాలసీలో ఇవే మాటలు ఉంటే తిరస్కరణ నిలవకూడదు. ముందు కంపెనీ ఫిర్యాదుల విభాగానికి రాయండి. నెలలోగా జవాబు రాకపోయినా, వచ్చినది తృప్తికరంగా లేకపోయినా హైదరాబాదులో బీమా ఫిర్యాదులు పరిష్కరించే అధికారి అయిన బీమా అంబుడ్స్‌మన్‌కు ఏడాదిలోగా ఫీజు లేకుండా ఫిర్యాదు చేయవచ్చు. బీమా డబ్బు వస్తే ఆ సంగతి కమిషన్‌కు చెప్పాలి, ఒకే ఆస్పత్రి బిల్లును రెండు చోట్ల వసూలు చేసుకోకూడదు.

అమ్మాయి మళ్లీ వెళ్తానన్నందుకు సంతోషించాను, పంపించండి. ఈసారి రసీదు మీద శిక్షకుడి పేరు, నమోదు సంఖ్య, ‘ఈ పాఠంలో మా పిల్లలు తప్ప ఇంకెవరూ ఉండరు’ అన్న మాట, పాఠం జరగకపోతే ఎంత వాపసు ఇస్తారన్నది రాయించుకోండి. ఫారం మీద సంతకం పెట్టక తప్పకపోతే, పైన ‘శిక్షకుని నిర్లక్ష్యానికి వర్తించదు’ అని చేత్తో రాసి పెట్టండి, ఫోటో తీసుకోండి. స్కీలు ఇచ్చే చోట అమ్మాయి బరువు, ఎత్తు మీరే చెప్పి, మీ కళ్లముందే బైండింగ్ బిగించమనండి. శిక్షకుడు మారినా, మరెవరినైనా కలిపినా ఆ నిమిషాన్నే పాఠం ఆపించి ఏజెన్సీకి వాట్సాప్‌లో రాయండి. మీ సంభాషణలో మొదటి ఫిర్యాదు మూడో రోజు రాత్రి తొమ్మిదిన్నరకు ఉంది, ఎదుటి పక్షం వకీలు మిమ్మల్ని మొదట అడగబోయే ప్రశ్న అదే గనుక, ఆ రెండు రోజులు ఎందుకు ఆగారో అఫిడవిట్‌లో ఉన్నదున్నట్లు రాయండి.