పాపర్ దావా కథ రాస్తున్న రేవతికి

కర్నూలు

చిరంజీవి రేవతికి ఆశీస్సులు.

నీ కథ చదివాను. ఎమ్మిగనూరు మగ్గాల వీధి, తండ్రి ఆస్తిలో వాటా అడిగిందని అన్న గెంటేసిన లక్ష్మమ్మ, అంతవరకూ కళ్లకు కట్టింది. ఆదోని కోర్టు మెట్లెక్కగానే కథ జారిపోయింది. జడ్జి ఆమె చినిగిన చీర చూసి కరిగిపోయి కోర్టు ఫీజు మాఫీ చేసేశాడు! కోర్టు చీర చూడదమ్మా. ఈ దావాకు ఇంత ఫీజవుతుంది, అది కట్టే తాహతు ఈమెకుందా లేదా అన్నదొక్కటే చూస్తుంది. ఫీజు పెద్దదైతే, కాస్తో కూస్తో ఉన్నవాళ్లు కూడా పాపర్‌గా, అంటే ఫీజు కట్టలేని పేదగా, ముందు ఫీజు కట్టకుండానే దావా వేయొచ్చు. తెల్లకార్డు ఒక ఆధారమే, దాంతోనే తేలిపోదు.

ముందు ఒక చిక్కు తీర్చు. ఆమె ఇంకా ఆ ఇంటి వెనక గదిలో వండుకుంటున్నట్టు రాశావు. ఉమ్మడి స్వాధీనంలో ఉంటే పంపకం దావాకు నామమాత్రపు ఫీజే, 200 రూపాయలు. దానికి పాపర్ అర్జీ ఎవరు పెడతారు? ఆమెను బయటికి గెంటాకే దావా వేయించు. అప్పుడు వాటా మార్కెట్ విలువను బట్టి ఫీజు పడుతుంది.

ఇక అసలు కథ షెడ్యూల్లో, అంటే అర్జీతో పెట్టే ఆస్తుల జాబితాలో ఉంది. నువ్వు దాన్ని ఒక్క వాక్యంలో దాటేశావు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 33 ప్రకారం, తనకున్న ప్రతి వస్తువూ దాని అంచనా విలువతో రాసి, కింద సంతకం చేసి, అర్జీని మామూలుగా ఆమే స్వయంగా ఇవ్వాలి. వంటపాత్రలు, పరుపు, తాళిబొట్టు లెక్కలోకి రావు. నేతపని వాళ్లకు మగ్గమూ అంతే, అది పనిముట్టు. దావా పడిన ఇల్లూ లెక్కలోకి రాదు, కాబట్టి 'లక్షల ఇల్లు నీదంటూ పేదనంటావేం' అని ప్రభుత్వ ప్లీడరు చేత అనిపించకు. కమ్మలు, బ్యాంకులో డబ్బు, పుట్టింటివాళ్లు ఆమె పేర రాసిచ్చిన స్థలం మాత్రం వస్తాయి. ఒక్కటి దాచినా క్రాస్ ఎగ్జామినేషన్‌లో, అవతలి ప్లీడరు ప్రశ్నల్లో, బయటపడుతుంది.

తొలి విచారణ సాధారణంగా శిరస్తాదారుది, అంటే కోర్టు ఆఫీసు పెద్ద ఉద్యోగిది. తర్వాత అన్నకూ, ప్రభుత్వ ప్లీడరుకూ కనీసం 10 రోజుల గడువుతో నోటీసు. అన్న ఊరికే ఉంటాడా? చెల్లెలి చీటీ పాట సంగతి అందరికంటే వాడికే బాగా తెలుసు. ఆ క్రాస్ ఎగ్జామినేషన్ రెండు పేజీలు రాయి. తాహతంటే చేతిలో ఉన్న డబ్బొక్కటే కాదు, న్యాయమైన దారిలో మామూలుగా సమకూర్చుకోగల శక్తి అని సుప్రీంకోర్టు 2011లో మథాయ్ పైకడే కేసులో చెప్పింది. అందుకే కూలి, పెన్షను, అప్పులు, కొడుకు పంపే డబ్బు, అన్నీ అడుగుతారు. కమ్మలు కుదువలో ఉంటే ఆ రసీదు ఆమె చేతికివ్వు.

తేదీలు జాగ్రత్త. అర్జీకి ముందు రెండు నెలల్లోపు, పాపర్ అనిపించుకోవడానికే ఆ స్థలాన్ని తమ్ముడి పేర రాసిస్తే అర్జీ కొట్టేస్తారు. ఆ విలువ కలిపినా ఫీజుకు చాలదంటే మాత్రం కొట్టేయరు. అర్జీ పోయినా దావా చావదు. కోర్టు గడువిచ్చి, ఆమె ఆలోగా ఫీజు కడితే, అర్జీ పెట్టిన రోజే దావా వేసినట్టు లెక్క.

'మాఫీ' అన్న మాట కొట్టేయి. ఫీజు వాయిదా పడుతుంది, అంతే. గెలిస్తే ఆ బాకీ వచ్చిన ఆస్తి మీదే మొదటి భారం, అంటే ముందు అదే తీరాలి. ఓడితే ఆమే కట్టాలి, వసూలు కోసం డిక్రీ (కోర్టు తుది ఉత్తర్వు) ప్రతి కలెక్టరుకు పోతుంది. నీ ముగింపులో పండగ చేశావే, అక్కడ ఈ లెక్క కూడా పడాలి.

ఇంకొకటి. 1987 న్యాయసేవల చట్టం కింద ఆడవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత వకీలు దొరుకుతాడు. ఈ మాట లక్ష్మమ్మకు ఎవరూ ఎందుకు చెప్పలేదో కథలో ఎక్కడో ఒకచోట తెలియాలి.

ఈసారి పంపేటప్పుడు షెడ్యూలు పూర్తిగా రాసి పంపు, కథలోకి అంతా ఎక్కకపోయినా సరే.

ఆశీస్సులతో,
మీ మాస్టారు