ఆర్డర్ 37 సమన్లు వచ్చాక ప్రతివాది చెప్పుకోవడానికి అవకాశం ఉండదా?

ప్రోనోటు మీద సమ్మరీ దావా, అంటే పూర్తి విచారణ లేకుండా త్వరగా తేల్చే దావా వేశారని, అప్పులో చాలా భాగం ఎప్పుడో తీర్చేశానని, అయినా ఈ దావాల్లో ప్రతివాది మాట కోర్టు వినదని ఎవరో చెప్పారని రాశారు. వింటుంది. కాకపోతే ఆ అవకాశాన్ని మీరే, గడువు దాటకుండా అడిగి తీసుకోవాలి. మా బాబాయి మీద ఇలాంటి దావా పడినప్పుడు కోర్టు పనంతా ఆయన వెంట ఉండి చూశాను.

ముందు దావా కాపీ తీసి చూడండి. కేసు నంబరు కింద, సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద వేసినట్టు రాసి ఉండాలి. ప్రోనోటు ఉన్నంత మాత్రాన సమ్మరీ దావా అయిపోదు. మామూలు దావా అయితే 30 రోజుల్లో మీ జవాబు దాఖలు చేసుకోవచ్చు, ఎవరి అనుమతీ అక్కర్లేదు.

ఆర్డర్ 37 అయితే పదేసి రోజుల గడువులు రెండుంటాయి. చాలామంది తికమకపడేది ఇక్కడే. సమన్లు అందిన 10 రోజుల్లో మీరుగానీ మీ లాయరుగానీ కోర్టులో హాజరు నమోదు చేయించి, నోటీసులు పంపాల్సిన చిరునామా ఇవ్వాలి. ఆ సంగతి అదే రోజు వాది లాయరుకి తెలియజేయాలి. అప్పు కథంతా అప్పుడే చెప్పనక్కర్లేదు. ఇది చేయకపోతే మాత్రం దావాలో రాసినవన్నీ మీరు ఒప్పుకున్నట్టే లెక్కగట్టి డిక్రీ ఇచ్చేస్తారు. మీరు హాజరయ్యాక వాది ‘సమన్స్ ఫర్ జడ్జిమెంట్’ పంపిస్తాడు. ప్రతివాదికి చెప్పుకోవడానికేమీ లేదని తన నమ్మకమంటూ అఫిడవిట్ కూడా జతచేస్తాడు. ఆ పేరు చూసి తీర్పు వచ్చేసిందనుకుని మా బాబాయి బెంబేలెత్తిపోయారు. అది తీర్పు కాదు. అది అందాక ఇంకో 10 రోజుల్లో ‘లీవ్ టు డిఫెండ్’, అంటే వాదించుకోవడానికి అనుమతి కోరుతూ అఫిడవిట్‌తో పిటిషన్ వేయాలి.

మీ శక్తంతా పెట్టాల్సింది ఆ అఫిడవిట్ మీదే. అప్పిచ్చినాయన మీద కోపంతో బాబాయి అసలు సంతకమే తనది కాదని రాయమన్నారు. మా లాయరమ్మ ససేమిరా అన్నారు. “సంతకం మీదే, డబ్బు తీసుకున్నదీ మీరే. కట్టినదెంతో తేదీలతో చెబుదాం, చాలు” అన్నారు. బ్యాంకు ద్వారా వెళ్లిన ప్రతి చెల్లింపుకీ స్టేట్‌మెంట్ తీశాం. డబ్బు ముట్టిందని అవతలాయన ఫోన్లో పెట్టిన మెసేజీలు జతచేశాం. ఆ చెల్లింపుల్లో ఒక్కదానికీ ఆయన నోటు వెనక చెల్లు, అంటే ఇంత ముట్టిందన్న రాత, రాయలేదు. మా కేసు నిలబడింది దానిమీదే.

ఈ దశలో మీరు కేసు గెలిచి చూపించాల్సిన పని లేదు. విచారించి తేల్చాల్సిన విషయం ఒకటుందని జడ్జిగారికి అనిపిస్తే చాలు. అనుమతి ఇవ్వడమే మామూలు పద్ధతి, నిరాకరించడం అరుదుగా జరగాలి అని సుప్రీంకోర్టు 2022లో బి.ఎల్. కశ్యప్ కేసులో స్పష్టంగా చెప్పింది. మీ వాదన మీద అనుమానం ఉంటే మాత్రం డబ్బు జమ చేయాలనో మరొకటో షరతు పెట్టవచ్చు. ఆ షరతు తప్పితే వెంటనే వాదికి తీర్పు ఇస్తారు. అందుకే నమ్మశక్యం కాని మాట ఒక్కటి కూడా రాయించకండి.

బాకీ ఇంకా కొంత ఉందని ఒప్పుకుంటే ఆ మేరకు డబ్బు కోర్టులో జమ చేయందే అనుమతి రాదు. బాబాయికి అది కష్టమే అయింది, కానీ జమ చేశాక దావా మామూలు దావాలాగే నడిచింది. బోనెక్కిన వాదిని ఒక్కో చెల్లింపు గురించీ మా లాయరమ్మ నిలదీయగలిగారు. చివరికి మేం ఒప్పుకున్న బాకీకే డిక్రీ వచ్చింది.

కాలదోషం, అంటే దావా వేసే గడువు దాటిపోయిందా అన్న సంగతీ చూడండి. డిమాండ్ ప్రోనోటుకి, అంటే అడిగినప్పుడు చెల్లిస్తానని రాసిన నోటుకి, రాసిన తేదీ నుంచి 3 ఏళ్లే గడువు. ఆలోగా కొంత కట్టి, నోటు వెనక మీ చేతిరాతతోనో సంతకంతోనో చెల్లు పడితే అక్కడి నుంచి మళ్లీ 3 ఏళ్లు. మీరు పెట్టని చెల్లు అక్కడ కనిపిస్తే లాయరుకి మొదట చెప్పాల్సింది అదే. ఖాళీ నోటు మీద సంతకం చేయించుకున్నారనే ఒక్క మాటతో మాత్రం గట్టెక్కడం కష్టం, ఎందుకంటే సంతకం ఒప్పుకున్నాక డబ్బు ముట్టిందనే చట్టం ముందు అనుకుంటుంది.

గడువు దాటిపోయినా సరైన కారణం చూపిస్తే కోర్టు మన్నించవచ్చు. డిక్రీ అయిపోయాక కూడా ప్రత్యేక పరిస్థితులుంటే రద్దు చేయమని అడగవచ్చు. అయితే ఎందుకు రాలేకపోయారో చెబితే సరిపోదు, మీ దగ్గర అసలు వాదన ఉందని కూడా చూపించాలని 2003లో రజనీ కుమార్ కేసులో సుప్రీంకోర్టు అంది. అంతదాకా రానివ్వకండి.

లాయరు ఫీజు గురించి వెనకాడుతుంటే జిల్లా న్యాయ సేవాధికార సంస్థకి వెళ్లండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, ఇంకా కొన్ని వర్గాలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు, మిగతావారికి ఆదాయ పరిమితి ఉంటుంది. వెళ్లేటప్పుడు సమన్లు ఏ తేదీన అందాయో ఒక కాగితం మీద రాసుకుని వెళ్లండి, వాళ్లు ముందు అడిగేది అదే.