తీరం వెంట సాగే సినిమా అంటే నాకు సఖినేటిపల్లి రేవే గుర్తొస్తుంది

'సముద్ర తీరం వెంట సాగే రోడ్డు ప్రయాణ సినిమాల్లో తప్పక చూడవలసినవి ఏవి?' అని అడిగారు. పది పేర్లు వరుసగా రాసి ఇవ్వడం నాకు ఇష్టం లేదు. ఒక్కటి చెబుతాను. 1962లో వచ్చిన ఇటాలియన్ సినిమా 'ఇల్ సొర్పాసో'. దర్శకుడు దీనో రీసీ. మిగతావన్నీ దాని తర్వాతే. ఆ మాట ఇంత గట్టిగా ఎందుకు అంటున్నానో తెలియాలంటే, 2006 మార్చిలో మా బావతో వెళ్ళిన ప్రయాణం చెప్పాలి.

అప్పుడు మేము కాకినాడలో ఉండేవాళ్ళం. బి.కాం. చివరి సంవత్సరం పరీక్షలకు ఇంకా తొమ్మిది రోజులుంది. ఇంట్లో వాళ్ళందరూ పెళ్ళికి వెళ్ళారు. నేను పుస్తకాలు ముందేసుకుని కూర్చున్నాను. మా మేనమామ కొడుకు నాకన్నా ఏడేళ్ళు పెద్ద. పాత స్కూటరు మీద వచ్చి, లోపలికి కూడా రాకుండా, "ఒరేయ్, ఈ రోజు పౌర్ణమి. ఉప్పాడలో పోటు చూసి గంటలో వచ్చేద్దాం, లే" అన్నాడు. ఆ స్కూటరును ఒకసారి పక్కకు వంచి నిలబెట్టి కిక్కు కొడితేగానీ కదిలేది కాదు. దాని మీద గంటలో ఎక్కడికీ వెళ్ళి రాలేమని నాకు తెలుసు. అయినా లేచాను.

కాకినాడ నుంచి ఉప్పాడ వెళ్ళే బీచ్ రోడ్డును చూడని వారి కోసం ఒక మాట. అక్కడ సముద్రం మిగిల్చినంత వరకే రోడ్డు. వాయుగుండం వచ్చినప్పుడల్లా అలలు కొంత కోసుకుపోతాయి. బండరాళ్ళు తెచ్చి పోస్తారు, మళ్ళీ తారు వేస్తారు, మళ్ళీ కోసుకుపోతుంది. ఆ రోజు అలలు రాళ్ళను దాటి మా కాళ్ళ మీద పడ్డాయి. బావ స్కూటరు ఆపి, చొక్కా తడుస్తున్నా పట్టించుకోకుండా చాలాసేపు చూస్తూ నిలబడ్డాడు.

తిరిగి వస్తుంటే మా వీధి మలుపు వచ్చింది. బావ తిరగలేదు. యానాంలో పెట్రోలు చవక, కొట్టించుకుని వచ్చేద్దాం అన్నాడు. కొట్టించాక, ఇంత దూరం వచ్చి గోదావరి దాటకుండా వెళ్తామా అన్నాడు. వంతెన దాటాక, అమలాపురంలో ఒక స్నేహితుడు మూడు వందలు ఇవ్వాలి అన్నాడు. స్నేహితుడు ఇంట్లో లేడు. అక్కడి నుంచి రాజోలు. అప్పటికి నేను అడగడం మానేశాను.

ఉప్పాడ తర్వాత సముద్రం మాకు మళ్ళీ కనబడలేదు. కోరింగ దగ్గర మడ అడవులు అడ్డం. కోనసీమలో కొబ్బరి తోటలు, రొయ్యల చెరువులు. అయినా అది ఎడమ చేతి వైపే ఉందని ఒంటికి తెలుస్తూనే ఉంది. గాలిలో తేమ, పెదవుల మీద ఉప్పు. మా తీరం అలాంటిది. గోదావరి పాయలు అడుగడుగునా దారి కోస్తాయి. నేరుగా తీరం పట్టుకుని పోదామంటే కుదరదు. వంతెన ఉన్న చోటుకు చుట్టు తిరగాలి, లేదా రేవు దగ్గర ఆగాలి.

పొద్దు వాలే వేళకు సఖినేటిపల్లి రేవు చేరాం. ఇవతల సఖినేటిపల్లి, అవతల నర్సాపురం, మధ్య వశిష్ఠ గోదావరి. స్కూటరును పంటు మీదికి, అంటే మనుషులనూ బళ్ళనూ నది దాటించే పెద్ద పడవ మీదికి ఎక్కించాం. చుట్టూ సైకిళ్ళు, చేపల గంపలు, ఒక జీపు. పొద్దుటి నుంచి స్కూటరు మీద గాలి హోరులో సరిగా ఒక్క మాట కూడా మాట్లాడుకోలేదు. పంటు కదిలాక బావ కమ్మీకి ఆనుకుని, నీళ్ళ వైపు చూస్తూ అడిగాడు. "మీ నాన్న పన్నెండేళ్ళుగా నర్సాపురం ఎందుకు రావడం లేదో తెలుసా?"

"సెలవు దొరకదు" అన్నాను. ఇంట్లో నేను విన్నది అదే.

"సెలవు కాదురా, తోట. మీ పెదనాన్నకూ ఆయనకూ అర ఎకరం కొబ్బరి తోట దగ్గర మాటా మాటా వచ్చింది. మా ఇంట్లో అందరికీ తెలుసు. నీకే చెప్పలేదు."

ఆ నది వెడల్పు దాటడానికి పట్టిన సమయమంతా నేను మళ్ళీ నోరు తెరవలేదు.

ఆ తర్వాత చాలా ఏళ్ళకు, హైదరాబాదులో ఒక చిన్న ఫిలిం క్లబ్బులో 'ఇల్ సొర్పాసో' చూశాను. ఆగస్టు 15, ఇటలీలో పెద్ద సెలవు రోజు. రోమ్ వీధులు ఖాళీగా ఉంటాయి. బ్రూనో అనే నలభై ఏళ్ళ మాటకారి ఫోను చేసుకోవడం కోసం ఒక అపరిచితుడి ఇంటికి వస్తాడు. ఆ ఇంట్లో ఉన్నది రోబెర్తో, పరీక్షలకు చదువుకుంటున్న న్యాయశాస్త్ర విద్యార్థి. కాసేపు అలా వెళ్ళొద్దామని బ్రూనో అతన్ని కారెక్కించుకుంటాడు. ఆ కాసేపు రెండు రోజులవుతుంది. కారు పేరు లాంచియా ఔరేలియా, వాళ్ళు పోయే దారి వియా ఔరేలియా, రోమన్ల కాలం నుంచీ పడమటి తీరం వెంట ఉన్న బాట. బ్రూనోగా విట్టోరియో గాస్‌మన్, రోబెర్తోగా జాన్ లూయీ ట్రింటిన్యాన్. చీకటి హాల్లో కూర్చుని నేను చూసింది మాత్రం మా బావనూ నన్నూ.

దారిలో రోబెర్తో తన బంధువుల పల్లెటూరి ఇంటికి బ్రూనోను తీసుకువెళతాడు. చిన్నప్పటి నుంచీ ఎరిగిన ఆ ఇంట్లో తాను ఎన్నడూ గమనించని సంగతులను, ఆ కొత్త మనిషి కొద్ది నిమిషాల్లో పసిగట్టి చెప్పేస్తాడు. ఆ చోట నా గుండె ఆగినంత పనైంది. పంటు మీద నాకు జరిగింది అదే.

ఈ సినిమాను అన్నిటికన్నా పైన పెట్టడానికి ఇంకో కారణం ఉంది. కారులో ఉన్నంతసేపూ బ్రూనో రాజు. హారన్ మోగిస్తూ ప్రతి బండినీ దాటిపోతాడు. సొర్పాసో అంటేనే ముందున్న బండిని దాటిపోవడం. కస్తిలియొన్చెల్లో అనే సముద్రపు ఊళ్ళో దిగగానే విడిపోయిన భార్య, ఎదిగిన కూతురు ఎదురవుతారు. రోడ్డు మీద దాటేసినట్టు వాళ్ళను దాటేయలేడు. తీరం వెంట సాగే సినిమాకు ప్రాణం అక్కడుంది. నీళ్ళు ఎదురైన చోట బండి ఆగాలి, మనుషులు దిగాలి, దాచిన మాట బయటికి రావాలి. అరవై ఏళ్ళు దాటిన సినిమా కాబట్టి ముగింపు కూడా చెబుతాను. తీరపు మలుపుల్లో అలాంటి దాటివేతే ప్రమాదమై రోబెర్తో చనిపోతాడు. పోలీసు అడిగితే అతని ఇంటిపేరేమిటో బ్రూనోకు తెలియదు.

మన సినిమాలతో నా గొడవ ఇదే. హిందీలో 2001లో 'దిల్ చాహ్తా హై' వచ్చింది. తెలుగులో 2018లో 'ఈ నగరానికి ఏమైంది' వచ్చింది. రెండూ నాకు ఇష్టమే, రెండింటిలోనూ స్నేహితులు గోవా వెళతారు. సముద్రం అక్కడ సెలవుల బహుమతి. 2008లో క్రిష్ తొలి సినిమా 'గమ్యం' మోటారు సైకిలు మీద ఎంత చక్కగా ఊళ్ళు తిప్పింది! ఆ దారి మాత్రం తీరం వెంట కాదు. 2013లో మలయాళంలో ఇద్దరు కుర్రాళ్ళను కేరళ నుంచి నాగాలాండ్ దాకా మోటారు సైకిళ్ళ మీద పంపించారు. దారిలో పూరీ సముద్రం దగ్గర ఆపారు కూడా. మనకు దాదాపు వెయ్యి కిలోమీటర్ల తీరం ఉంది. దాన్ని మనవాళ్ళు నాలుగు నిమిషాల పాటకు వెనక తెరగా వాడుకుని వదిలేస్తున్నారు. విశాఖ బీచ్ రోడ్డును పైనుంచి డ్రోన్‌తో తీస్తే సరిపోయిందనుకుంటున్నారు. పైనుంచి చూస్తే నీలం గీత, తెల్ల గీత తప్ప మనుషులు కనబడరు. పంటు కోసం గంటసేపు ఎదురుచూసే పాత్ర ఒక్క తెలుగు సినిమాలోనైనా ఉంటే నాకు చెప్పండి, ఈ రోజే చూస్తాను.

మెక్సికో సినిమా 'ఇ తు మామా తంబియెన్' గురించి కూడా ఒక మాట చెప్పాలి. 2001, అల్ఫోన్సో క్వారోన్. ఇది పెద్దవాళ్ళకే. ఇద్దరు కుర్రాళ్ళు ఒక స్త్రీని ఆకట్టుకోవడానికి లేని బీచికి పేరు కల్పించి బయలుదేరతారు. తీరా వెళితే ఆ పేరుతో నిజంగానే బీచి ఉంటుంది. అక్కడ వాళ్ళను ఆదరించిన జాలరి గురించి వ్యాఖ్యాత తాపీగా చెబుతాడు, హోటలు వచ్చాక అతడు చేపల వేట వదిలి అదే హోటల్లో ఊడ్చే పనికి కుదురుతాడని. ఆ మాట విన్నప్పుడు రొయ్యల చెరువుల కంచెలు చుట్టుకుంటూ సముద్రానికి దారి వెతుక్కునే మా జాలరులు గుర్తొచ్చి కోపం వచ్చింది. ఇప్పటికీ వస్తుంది.

ఆ రాత్రి సంగతి సగంలో ఆపాను. నర్సాపురం రేవులో దిగి, బావ ఎవరినీ దారి అడగకుండా నేరుగా పెదనాన్న ఇంటి ముందు స్కూటరు ఆపాడు. ముందే అనుకుని బయలుదేరాడా, దారిలో తోచిందా అని తర్వాత ఎన్నోసార్లు అడిగాను. నవ్వేవాడు. ఇప్పుడు మస్కట్‌లో ఉన్నాడు, ఫోనులో అడిగినా నవ్వుతాడు. పెదనాన్న అరుగు మీద కూర్చుని ఉన్నారు. నా పేరు అడగలేదు. లేచి వచ్చి నా భుజం పట్టుకుని, "కాళ్ళు కడుక్కో నాన్నా, అన్నం తిందువుగాని" అన్నారు. పెద్దమ్మ అప్పటికప్పుడు చేపల పులుసు వేడి చేసింది. తోట గురించి ఎవరూ మాట్లాడలేదు. తెల్లవారాక తోటలోకి తీసుకెళ్ళి, బోండాలు దింపించి, ఒక సంచి నిండా కొబ్బరికాయలు కట్టించారు.

మరునాటి సాయంత్రం నాన్న పెళ్ళి నుంచి వచ్చేసరికి ఆ సంచి వరండాలో ఉంది. ఎక్కడివని అడిగారు. చెప్పాను. ఆయన చాలాసేపు చెప్పులు విప్పకుండా అలాగే నిలబడి, "తోటలో మోటారు వేశారా?" అని అడిగారు.

వేశారని చెప్పాను.